తెర వెనుక టెస్ట్ డెస్క్

(పెన్షనర్ల దినోత్సవం సందర్భంగా జరిగిన మన సంఘ సర్వసభ్య సమావేశంలో, మన సభ్యులొకరి కుమార్తె చేసిన ప్రసంగ పాఠం)

గౌరవనీయులైన అధ్యక్షులవారికి, కార్యదర్శిగారికి, వేదిక మీది పెద్దలకు, సభలో ఉన్న అంకుల్స్‌కు, ఆంటీలకు నా నమస్కారాలు. టెలిఫోన్ క్వార్టర్స్‌లో ఉన్న రోజుల్లో మీలో చాలామందిని నేను అలాగే పిలిచేదాన్ని. ఇవాళ మైకు దొరికింది కదా అని "సోదర సోదరీమణులారా" అంటే మీకూ నవ్వొస్తుంది, నాకూ నవ్వొస్తుంది. కనుక పాత పిలుపుతోనే మొదలుపెడుతున్నాను.

ఈ వేదిక మీద మామూలుగా కరువు భత్యం, వైద్య సదుపాయం, పెన్షన్ సవరణ గురించి మాట్లాడతారు. ఈసారి కార్యదర్శిగారు నాకు ఫోన్ చేసి, "మా పిల్లలూ మనవలూ ఏం ఉద్యోగాలు చేస్తున్నారో మాకు బొత్తిగా అర్థం కావడం లేదమ్మా. నీ ఉద్యోగం గురించి ఓ అరగంట చెప్పు" అన్నారు. పెద్దల మాట కాదనలేక వచ్చాను.

"మీ అమ్మాయి ఏం చేస్తుందండీ?" అని ఎవరైనా అడిగితే మా నాన్నగారు "కంప్యూటర్ లైన్" అని ఊరుకుంటారు. అంతకుముందు ఏడేళ్లు "సినిమా లైన్" అని చెప్పడానికి ఇంకా ఇబ్బంది పడేవారు. కానీ నా దృష్టిలో నేను చేసిన రెండు ఉద్యోగాలూ ఆయన చేసిన ఉద్యోగమే. ఆయన ఎక్స్ఛేంజిలో టెస్ట్ డెస్క్ మీద పనిచేశారు. 198కి ఫిర్యాదు వస్తే లైను పరీక్షించి, తీగ తెగిందా, ఎర్త్ తగిలిందా, రెండు తీగలు ఒకదానికొకటి కలిశాయా తేల్చి, డాకెట్ రాసి లైన్‌మన్ చేతికి ఇవ్వడం ఆయన పని. చందాదారుకు ఆయన ముఖం తెలియదు, పేరు తెలియదు. డయల్ టోన్ వచ్చిందా లేదా అన్నదే తెలుసు. తప్పు ఎక్కడుందో పట్టుకోవడం, దాన్ని సరిచేసేవాడికి అర్థమయ్యేలా రాసివ్వడం అనే ఈ రెండు పనులే నేను మొదట సినిమాలకు చేశాను, తరువాత వీడియో గేములకు చేస్తున్నాను.

ముందు సినిమా సంగతి. నేను పనిచేసినవి పెద్ద తారల సినిమాలు కావు. స్వతంత్ర చిత్రాలు అంటారు. పెద్ద స్టూడియో, పెద్ద పంపిణీదారు వెనక లేకుండా, తీసేవాళ్లే అప్పో సప్పో చేసి తీసుకునేవి. మనకు ఇవి కొత్తేమీ కాదు. 1979లో బి. నర్సింగరావుగారు నిర్మాతల్లో ఒకరుగా, గౌతమ్ ఘోష్ దర్శకత్వంలో 'మా భూమి' వచ్చింది. 1998లో నగేశ్ కుకునూర్ అమెరికాలో ఇంజనీరుగా సంపాదించిన డబ్బు పెట్టి 'హైదరాబాద్ బ్లూస్' తీశారు. పదిహేడు రోజుల షూటింగు, పదిహేడు లక్షల ఖర్చు. అది చూసి మా తరంలో చాలామందికి ధైర్యం వచ్చింది. 2018లో వచ్చిన 'కేరాఫ్ కంచరపాలెం'లో విశాఖపట్నం కంచరపాలెం వాస్తవ్యులే ఎక్కువమంది నటించారు.

ఇలాంటి సినిమాల్లో తెర వెనుక వాళ్ల విలువ ఎంతో చెప్పడానికి ఒక్క ఉదాహరణ చాలు. నర్సింగరావుగారి 'దాసి' 1988 నాటి సినిమా. దానికి ఐదు జాతీయ అవార్డులు వచ్చాయి. ఒకటి ఉత్తమ తెలుగు చిత్రంగా, ఒకటి నటి అర్చనగారికి. మిగిలిన మూడూ కెమెరా పట్టిన ఎ.కె. బీర్‌గారికి, కళా దర్శకత్వం వహించిన తోట వైకుంఠంగారికి, దుస్తులు సమకూర్చిన సుదర్శన్‌గారికి. అంటే సగానికి పైగా తెర మీద కనబడనివారికే.

నాది అంతకంటే చిన్న పని. కంటిన్యూటీ చూడటం. సినిమాలో సీన్లు కథ వరుసలో తీయరన్న సంగతి మీకు తెలిసే ఉంటుంది. హీరోయిన్ ఇంట్లోంచి బయటికి వచ్చే సీను సోమవారం తీస్తే, ఆమె ఇంట్లో చెప్పులేసుకునే సీను పది రోజుల తరువాత తీస్తారు. సోమవారం ఆమె బొట్టు ఏ రంగు? గాజులు ఏ చేతికి ఎన్ని? జడ ముందుకా వెనక్కా? మాట్లాడుతూ కాఫీ గ్లాసు ఏ మాట దగ్గర కింద పెట్టింది, అప్పటికి గ్లాసులో కాఫీ ఎంతుంది? ఇవన్నీ ఒక పుస్తకంలో రాసుకోవాలి. ఫోటో తీసి పెట్టుకునే వసతి లేని చోట బొమ్మ గీసుకునేదాన్ని.

దీనికింత పట్టింపు ఎందుకంటారా? ఆ రోజుల్లో ముడి ఫిల్ము మీద తీసేవాళ్లం. నాలుగు వందల అడుగుల రోలు కెమెరాలో పెడితే నాలుగున్నర నిమిషాలకు అయిపోతుంది. గాజులు మారాయని ఎడిటింగులో తెలిస్తే మళ్లీ అందరినీ పోగుచేసి, మళ్లీ రోలు కొని తీయాలి. తాకట్టు పెట్టిన ఇంటి డబ్బుతో సినిమా తీస్తున్నవాడికి ఆ ఒక్క సీనే గుదిబండ అవుతుంది. నా పుస్తకంలో ఒక్క పంక్తి సరిగా ఉంటే అతనికి ఒక రోజు ఖర్చు మిగిలినట్టే.

సౌండ్ విభాగంలో మనిషి తక్కువైతే అక్కడా నిలబడేదాన్ని. షూటింగు స్థలంలోనే మాటలు రికార్డు చేసే పద్ధతిలో, సీను అయ్యాక అందరినీ కదలకుండా నిలబెట్టి ఓ నిమిషంపాటు నిశ్శబ్దాన్ని రికార్డు చేస్తారు. కొత్తవాళ్లు నవ్వుతారు. కానీ ఏ గది నిశ్శబ్దం ఆ గదిదే. ఒక గదిలో ఫ్యాన్ హోరు, మరో గదిలో వీధి రొద సన్నగా ఉంటాయి. మాటకూ మాటకూ మధ్య ఖాళీలో ఆ నిశ్శబ్దాన్ని అతకకపోతే, చూసేవాడికి ఏదో తెగినట్టు తెలిసిపోతుంది. లైనులో కరకరలు వినీ వినీ చెవి తేలిన మీకు ఇది విడమరిచి చెప్పనక్కర్లేదు.

కష్టం సంగతి కూడా చెప్పాలి. ఒక సినిమాకు నాకు రావలసిన డబ్బులో సగమే వచ్చింది. రాతకోతలు ఏమీ లేవు. నిర్మాత చెడ్డవాడు కాదు, అతనే మునిగిపోయాడు. సినీ కార్మికులతో రాతపూర్వకమైన ఒప్పందం ఉండాలని 1981లోనే పార్లమెంటు చట్టం చేసింది. కానీ పదిమంది స్నేహితులు కలిసి తీసే సినిమాలో కాగితం అడిగితే నమ్మకం లేదా అంటారేమోనని ఎవరూ అడగరు. ఇక పేరు సంగతి. చివర్లో పైకి వెళ్లిపోయే అక్షరాల్లో నా పేరుంటుంది. హాల్లో అప్పటికి జనం చెప్పులు వెతుక్కుంటుంటారు. టీవీలో వస్తే ఆ అక్షరాలు రాకముందే ప్రకటనలు మొదలవుతాయి. మా అమ్మ నా పేరు చూడాలని రెండు గంటలు కూర్చుంది. చివరికి సబ్బు ప్రకటన చూసింది.

2009లో ఒక స్నేహితురాలు చెబితే గేములు పరీక్షించే కంపెనీలో ఇంటర్వ్యూకు వెళ్లాను. అక్కడ రెండు బొమ్మలు చూపించి తేడాలు చెప్పమన్నారు. ఏడేళ్లుగా నేను చేస్తున్నది అదే కదా! ఉద్యోగం ఇచ్చారు.

"గేములు ఆడితే జీతమిస్తారా?" అని అందరూ అడుగుతారు. ఆడటం వేరు, పరీక్షించడం వేరు. ఆడేవాడు గెలవాలని చూస్తాడు. పరీక్షించేవాడు ఆట ఎక్కడ విరుగుతుందా అని చూస్తాడు. ఒక కోట గోడను ఉదయం నుంచి సాయంత్రం దాకా ప్రతి అడుగు దగ్గరా గుద్ది, ఎక్కడైనా మనిషి గోడలోకి దూరిపోతున్నాడేమో చూడటం నా మొదటి నెల పని. పైవాళ్లు వేరే దేశంలో ఉంటారు కనుక రాత్రి డ్యూటీలు. విడుదల దగ్గరపడితే ఆదివారాలూ ఉండవు. రాత్రి డ్యూటీ చేసిన ఆపరేటర్లు ఇక్కడ చాలామందే ఉన్నారు.

ఈ వృత్తిలో పాత కథలు కొన్ని మన ఎక్స్ఛేంజి కథల్లాగే ఉంటాయి. 1972లో అమెరికాలో అటారీ కంపెనీ 'పాంగ్' అనే ఆట యంత్రాన్ని పరీక్ష కోసం సన్నీవేల్ అనే ఊళ్లో ఒక బార్‌లో పెట్టింది. కొద్ది రోజులకే పనిచేయడం లేదని ఫిర్యాదు. దాన్ని తయారుచేసిన అల్ ఆల్కార్న్ వెళ్లి తెరిచి చూస్తే, లోపల నాణేలు పట్టక పొంగిపొర్లుతున్నాయి. యంత్రానికి వచ్చిన జబ్బు అదే! నాణేలు వేసే పబ్లిక్ ఫోన్లు బాగుచేసినవారికి ఈ కథ బాగా నచ్చుతుంది.

1980లో జపాను నుంచి వచ్చిన 'ప్యాక్‌మ్యాన్' ఇంకొకటి. ఎంతో నేర్పుగా 255 దశలు దాటినవాడికి 256వ దశలో సగం తెర పిచ్చి గీతలతో నిండిపోతుంది, ఇక ముందుకు పోలేడు. కారణం ఏమిటంటే, దశలు లెక్కపెట్టే గడిలో 255 వరకే చోటుంది. మన పాత కాల్ మీటర్లు 9999 దాటితే మళ్లీ సున్నాకు వచ్చేవి చూడండి, సరిగ్గా అలాంటిదే. అంత దూరం ఎవడు ఆడతాడులే అనుకుంటారు. ఆడేవాడు ఎక్కడో ఒకడు ఉంటాడని అనుకోవడమే పరీక్షకుడి పని.

తప్పు కనిపిస్తే చాలదు, రాయాలి. మేం రాసే నివేదిక ఇలా ఉంటుంది. ఎక్కడ: మూడో దశ, కోట వెనుక ద్వారం. ఏం చేస్తే: తలుపు మూసుకుంటుండగా గుర్రం దిగాలి. ఏం జరగాలి: మనిషి నేల మీద నిలబడాలి. ఏం జరుగుతోంది: నేలలోంచి కిందికి పడిపోతున్నాడు. ఎన్నిసార్లు: పదిసార్లు చేస్తే ఏడుసార్లు. ఇంతే. విశేషణాలుండవు, కోపం ఉండదు. మా నాన్నగారికి ఒకసారి చూపిస్తే, "ఇది డాకెట్టే కదే!" అన్నారు. అవతలి నుంచి ప్రోగ్రామరు "మా దగ్గర బాగానే ఉంది" అని తిప్పి పంపిస్తాడు. ఈ మాట కూడా మీకు కొత్త కాదు. మళ్లీ పరీక్షించాలి. సరిచేశామన్నాక ఇంకోసారి పరీక్షించాలి. ఒకటి సరిచేయబోతే పక్కది చెడిందేమో అదీ చూడాలి.

కొన్ని తప్పులు నవ్వు పుట్టిస్తాయి. కొన్ని అలా కాదు. 1997 డిసెంబరు 16న జపానులో 'పోకెమాన్' టీవీ కార్టూనులో ఎరుపూ నీలం వెలుగులు గబగబా మెరిసే దృశ్యం ఒకటి వచ్చింది. అది చూసి దాదాపు ఏడు వందల మంది, ఎక్కువగా పిల్లలు, ఆస్పత్రి పాలయ్యారు. కొందరికి మూర్ఛ వచ్చింది. అలాంటి మెరుపులు ఉన్నాయేమో చూడటం మా పరీక్షల్లో ఒకటి. మీ మనవడు గేము ఆడి క్షేమంగా పడుకున్నాడంటే, ఆ వెనుక ఎవరో ఒకరు ఆ మెరుపులు లెక్కపెట్టి ఉంటారు.

మన భాష విషయం కూడా ఉంది. చాలా గేములు ఇంగ్లీషు అక్షరాలను దృష్టిలో పెట్టుకుని కట్టినవి. ఇంగ్లీషు అక్షరాలు పక్కపక్కన కూర్చుంటాయి. మన ఒత్తులు కింద చేరతాయి, గుణింతాలు తల మీద ఎక్కుతాయి. ఆ ఏర్పాటు లేని చోట తెలుగు పెడితే ఒత్తు విడిపోయి పక్కన పడుతుంది, 'అమ్మ' కాస్తా 'అమ్‌మ' అవుతుంది. తెలుగు చదవగలిగినవాడు చూస్తేనే అది తప్పని తెలుస్తుంది. యంత్రాలు ఇప్పుడు చాలా పరీక్షలు తామే చేస్తున్నాయి. గోడను లక్షసార్లు గుద్దగలవు. కానీ ఇది చిన్నపిల్లను భయపెడుతుందా, ఈ మాట మన ఇంట్లో అనే మాటేనా అన్నది ఇంకా మనిషే చెప్పాల్సి వస్తోంది.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. మొదట్లో గేములు తయారుచేసినవారికి కూడా పేరు వేసేవారు కాదు. అటారీలో 'అడ్వెంచర్' అనే గేము తయారుచేసిన వారెన్ రాబినెట్ ఆ ఆట లోపల ఎవరికీ తెలియకుండా ఒక రహస్యపు గది కట్టి, అందులో తన పేరు రాసుకున్నాడు. కంపెనీకి తెలియదు. అమెరికాలో ఒక పిల్లవాడు ఆడుతూ ఆ గదిని కనిపెట్టి కంపెనీకి ఉత్తరం రాస్తే బయటపడింది. దేవాలయపు రాయి మీద శిల్పి ఎక్కడో మూల తన పేరు చెక్కుకున్నట్టు. అదే అటారీ నుంచి 1979లో నలుగురు ప్రోగ్రామర్లు, తమకు పేరూ లేదు, లాభంలో భాగమూ లేదని బయటికి వచ్చి మరొకరితో కలిసి 'యాక్టివిజన్' అనే కంపెనీ పెట్టారు. పేరు కోసం పుట్టిన కంపెనీ అది.

కాలచక్రం చూడండి. 2021 డిసెంబరులో అదే యాక్టివిజన్‌కు చెందిన, విస్కాన్సిన్ రాష్ట్రంలోని రేవెన్ సాఫ్ట్‌వేర్‌లో డజను మంది పరీక్షకులకు ఒప్పందం కొనసాగించబోమని చెప్పారు. మిగిలినవాళ్లు పని ఆపి సమ్మె చేశారు. 2022 మే నెలలో ఓటింగు జరిగింది. సంఘం కావాలని 19 మంది, వద్దని ముగ్గురు. అమెరికాలో అంత పెద్ద గేము కంపెనీలో అదే మొదటి కార్మిక సంఘం. దాన్ని పెట్టింది హీరోలు కాదు, పెద్ద ప్రోగ్రామర్లు కాదు, పరీక్షకులు.

వాళ్లు ఏ పెద్ద సంఘం గొడుగు కిందకు వెళ్లారో తెలుసా? కమ్యూనికేషన్స్ వర్కర్స్ ఆఫ్ అమెరికా. అది 1938లో టెలిఫోన్ కార్మికుల సమాఖ్యగా పుట్టింది, 1947లో పెద్ద టెలిఫోన్ సమ్మె జరిగిన ఏడు ఆ పేరు పెట్టుకుంది. అంటే మన టెలిఫోనువాళ్లే! ఈ మాట చెప్పినప్పుడు మా నాన్నగారు 1968 సెప్టెంబరు 19 సమ్మె గురించి గంటసేపు చెప్పారు. ఆ రోజు నుంచి నా ఉద్యోగం గురించి ఆయనకు మొహమాటం తగ్గింది.

2023 జనవరిలో జెనిమ్యాక్స్ అనే మరో కంపెనీలో సుమారు మూడు వందల మంది పరీక్షకులు సంఘంగా ఏర్పడ్డారు. 2025 జూన్‌లో వాళ్ల ఒప్పందం ఖాయమైంది. జీతాల పెంపు, కారణం లేకుండా తీసేయకుండా రక్షణ, కృత్రిమ మేధ వాడకం మీద షరతులు అందులో ఉన్నాయి. వాటితో పాటు గేములో పరీక్షకుల కృషిని పేర్లతో గుర్తించాలన్న నియమం కూడా ఉంది. జీతంతో పాటు పేరును కూడా బల్ల మీద పెట్టి అడిగారన్నమాట. నేను పనిచేసిన ఒక గేము విడుదలకు రెండు నెలల ముందు నా కాంట్రాక్టు ముగిసింది. పద్నాలుగు నెలలు పరీక్షించిన ఆటలో నా పేరు లేదు. కనుక ఆ నియమం విలువ నాకు బాగా తెలుసు.

పెద్దలందరికీ ఒక మాట మనవి చేస్తాను. ఈ రోజును మీరు పెన్షనర్ల దినోత్సవంగా ఎందుకు జరుపుకుంటారో నాకు నాన్నగారే చెప్పారు. 1982 డిసెంబరు 17న నకారా కేసులో సుప్రీంకోర్టు, పెన్షన్ అనేది యజమాని దయతో ఇచ్చేది కాదు, చేసిన సేవకు హక్కుగా వచ్చేదని తేల్చింది. ఆ తీర్పు ఊరికే రాలేదు, ఒకరు కోర్టుకు వెళ్లారు కనుక వచ్చింది. నాకు సర్వీసు పుస్తకం లేదు. ఇంక్రిమెంటు తేదీ లేదు. పదకొండు నెలల కాంట్రాక్టులు ఎన్నో దాటుకుంటూ వచ్చాను. మా వృత్తిలో మన దగ్గర ఇలాంటి సభ ఒకటి పెట్టుకునే రోజు ఇంకా రాలేదు.

అందుకే మీ ఇంట్లో పిల్లలు ఇలాంటి కొత్త ఉద్యోగంలో చేరుతామంటే ఎగతాళి చేయకండి, అడ్డుపడకండి. కానీ నాలుగు ప్రశ్నలు అడగండి. చేతికి కాగితం ఇచ్చారా? పి.ఎఫ్. కడుతున్నారా, కంపెనీ మారినప్పుడు ఖాతా బదిలీ చేసుకుంటున్నావా, లేక డబ్బు తీసేసుకుంటున్నావా? జీతం చీటీలు దాస్తున్నావా? నువ్వు చేసిన పనికి నీ పేరు వేస్తున్నారా? సర్వీసు రికార్డు విలువ మీకు తెలిసినంతగా వాళ్లకు తెలియదు.

చివరగా మీకందరికీ పనికివచ్చేది ఒకటి. జీవన్ ప్రమాణ్ 2014లో వచ్చింది, ముఖం చూపించి సర్టిఫికెట్ ఇచ్చే పద్ధతి 2021లో వచ్చింది. ఫోన్లో అది చేయబోతే కొన్నిసార్లు కాదు. అప్పుడు "పనిచేయడం లేదు" అని వదిలేయకండి. మీరు టెస్ట్ డెస్కువాళ్లు! ఏ ఫోను, ఏ మీట నొక్కారు, తెర మీద ఏ అక్షరాలు వచ్చాయి, ఏ తేదీ ఎన్ని గంటలకు, ఎన్నిసార్లు ప్రయత్నిస్తే ఎన్నిసార్లు అయింది, అంతా ఒక కాగితం మీద రాయండి. కళ్లజోడు తీస్తే అయిందా, కిటికీ దగ్గర వెలుతురులో అయిందా, అదీ రాయండి. ఒక్కరు రాస్తే ఫిర్యాదు. యాభైమంది రాసినవి సంఘం తరఫున కార్యదర్శిగారు పంపితే అది పరీక్షా నివేదిక. దాన్ని "మా దగ్గర బాగానే ఉంది" అని తిప్పి పంపడం అంత తేలిక కాదు.

కార్యదర్శిగారు గడియారం చూస్తున్నారు. నా అరగంట అయిపోయింది, అవతల భోజనాలకు ఆకులు వేస్తున్నారు.